భుజంతో కొట్టిన గోలు

విజిల్ మోగింది.

కుప్పయ్యకు ముందు అర్థం కాలేదు. బంతి గోలు కొయ్యల మధ్యనే ఉంది. బంతిని వాటేసుకున్న తిరుపతి జట్టు గోలీ మునెయ్య కూడా అక్కడే పడి ఉన్నాడు.

"గోలు కాదు," అన్నాడు రెఫరీ.

కాదట. కుప్పయ్యకు ఒళ్ళు మండిపోయింది. ఎవరికైనా మండదా మరి. రెండు జట్లూ సమానంగా ఉన్నాయి, ఆట ఇంక రెండు నిమిషాలే ఉంది. రేణిగుంట రైల్వే షెడ్డు ఫుట్‌బాల్ జట్టుకు కుప్పయ్య సెంటర్ ఫార్వర్డు. గోలు కొట్టడమే అతని పని.

షెడ్డులో అతని కూలి పని చూస్తే అది టెంపరరీ. రెండో ప్రపంచ యుద్ధం ముగిసింది. యుద్ధం కోసం తీసుకున్న కూలీలను రేపో మాపో ఇంటికి పంపుతారు. కప్పు గెలిస్తే నీ పని ఖాయం చేస్తానని షెడ్డు దొర నలుగురి ముందూ మాటిచ్చాడు. ఇంట్లో ఆరు నోళ్ళు.

"నేనేం తప్పు సేసినాను సెప్పు," అంటూ కుప్పయ్య రెఫరీ మీదికి పోయాడు. "కాలు అడ్డం పెట్టినానా? సేత్తో తోసినానా? బంతి వాని సేతిలో ఉండాది. భుజంతో కొట్టినాను. బంతి పట్టుకున్న గోలీని భుజంతో కొట్టొచ్చునని రూలు పుస్తకంలోనే ఉండాది."

"ఉండాది," అన్నాడు రెఫరీ.

"మరి?"

"నేనుండే ఆటలో కుదరదప్పా."

రెఫరీ పేరు సుబ్బన్న. తడలో బడిపంతులు, తల నెరిసిన మనిషి. ఏటా ఈ ఫైనలుకు తనంతట తనే రైలెక్కి వస్తాడు. కాఫీ ఇచ్చినా తాగడు. కప్పు పెట్టిన బల్ల వైపు తలైనా తిప్పడు. గోలీ జోలికి ఎవరు పోయినా మాత్రం విజిల్ ఊదేస్తాడు.

"పుస్తకాన్ని కాదనేదానికి నువ్వెవురు? ఆ మునెయ్య నీకు అల్లుడా?"

"ఏమీ కాడు."

"అయితే తిరుపతోళ్ళు నీకేం పెట్టినారు?"

సుబ్బన్న వంగి మునెయ్యకు చెయ్యి అందించి లేపాడు. దాంతో కుప్పయ్యకు ఇంకా రేగింది. చొక్కా పట్టి ఒక్క గుంజు గుంజాడు. గుండీలు తెగి మట్టిలో పడ్డాయి. మెడలోని విజిల్ కూడా తెంపి అవతల బొగ్గు కుప్ప మీదికి విసిరేశాడు.

సుబ్బన్న పోయి విజిల్ వెదుక్కుని, తుడుచుకుని వచ్చాడు. కుప్పయ్యను ఆటలోంచి పంపనైనా లేదు.

"కోపం నా మీద సూపించుకో నాయనా. గోలీ మీద వద్దు," అన్నాడు.

మరు నిమిషంలోనే తిరుపతి వాళ్ళు గోలు కొట్టి కప్పు ఎత్తుకుపోయారు.

కుప్పయ్య కోపం ఆరలేదు. పదకొండు మంది చేత సంతకాలు, వేలిముద్రలు పెట్టించి, పోటీలు నడిపే క్లబ్బు సెక్రటరీ గోవిందయ్య బల్ల మీద అర్జీ పడేశాడు.

"ఆ తడ ఆయప్ప ఇంకోసారి ఈడ కాలు పెడితే మేము ఆడేది లేదు."

గోవిందయ్య అర్జీ చదివి, ఏదో చెప్పబోయాడు.

"నాకేం సెప్పొద్దు," అన్నాడు కుప్పయ్య.

మరుసటి ఏడు మద్రాసు నుంచి కొత్త రెఫరీ వచ్చాడు. రూళ్ళ పుస్తకం చొక్కా జేబులోనే ఉంది. అప్పటికే షెడ్డులో సగం మంది టెంపరరీ వాళ్ళను పంపేశారు. కుప్పయ్యకు ఈ ఒక్క ఆటే మిగిలింది.

మళ్ళీ అవే రెండు జట్లు. ఆట ముగియబోతుండగా మునెయ్య ఎగిరి బంతి పట్టుకున్నాడు. ఏడాదిగా దాచుకున్న కోపమంతా భుజంలోకి తెచ్చుకుని కుప్పయ్య కొట్టాడు. మునెయ్య తల గోలు కొయ్యకు తగిలింది. బంతితో సహా లోపల పడ్డాడు.

విజిల్ మోగింది.

"గోలు," అన్నాడు కొత్త రెఫరీ.

జనం కుప్పయ్యను భుజాల మీదికి ఎత్తుకున్నారు. షెడ్డు దొర వచ్చి చెయ్యి కలిపాడు. "నీ పని ఇంక పర్మనెంటు, కుప్పయ్యా."

కుప్పయ్య ఆ ఎత్తు మీది నుంచి చూశాడు. మునెయ్య లేవలేదు.

స్టేషన్లో సామాన్లు తోసే బండి మీద వేసుకుని ఆసుపత్రికి తీసుకుపోయారు. పొద్దు గూకక ముందే ప్రాణం పోయింది. తిరుపతిలో ఒక సత్రానికి నీళ్ళు మోసి బతికే మనిషి.

ఆసుపత్రి వసారాలో కుప్పయ్య గోడకు ఆనుకుని నిలబడ్డాడు.

"రూలు ప్రకారమే కొట్టినాను," అన్నాడు. అలా అనడం అది నాలుగోసారి.

మునెయ్య భార్య నాగులమ్మ బయటికి వచ్చి అతని మొహంలోకి చూసింది.

"మా ఆయన సేతిలో ఉండింది ఉత్త బంతే కదప్పా," అని మళ్ళీ లోపలికి పోయింది.

కుప్పయ్యకు కోపం ముంచుకొచ్చింది. ఎవరి మీదో అతనికే తెలియలేదు. పక్కనున్న గోవిందయ్య మీద పడ్డాడు.

"ఆ తడ ఆయప్ప ఉండింటే గోలు ఇచ్చిండడు. ఇంకోసారి కొట్టనిచ్చిండడు. ఆయన్ని ఎందుకు తీసేసినావు?"

"అర్జీ ఇచ్చింది నువ్వే కదప్పా."

"ఇట్లా అవుతుందని ఆయనకెట్లా తెలుసు?"

గోవిందయ్య చంకలోని కప్పును బెంచీ మీద పెట్టి, అడుగు భాగం పైకి తిప్పాడు. అక్కడ చెక్కిన పేరు మీద వేలు పెట్టాడు. పరంధామయ్య.

"చిత్తూరు గోలీ. పదిహేనేండ్ల కిందట పోయినాడు. చేతిలో బంతి ఉండంగా ఒక సెంటర్ ఫార్వర్డు భుజంతో కొట్టినాడు. రూలు ప్రకారమే. గోలు కూడా ఇచ్చినారు."

కుప్పయ్య కప్పు మీదికి వంగాడు.

"ఎవురా ఫార్వర్డు?"

"ఈ కప్పు చేయించి ఇచ్చినాయనే," అన్నాడు గోవిందయ్య. "పోయినేడు నువ్వు గుండీలు తెంపింది ఆయన చొక్కావే."