ఊకబస్తా

“నటించకయ్యా! మొయ్యి!”

దర్శకుడి కేకకు రిహార్సల్ గది అదిరింది.

బస్తా కింద రొప్పుతున్న కూలీల సంఘం గుమాస్తా దాన్ని దించి, మొహం ముడుచుకుని చక్కా పోయాడు.

నాటకం గోదాము కూలీలది. వంద కిలోల బస్తాను యాభైకి దించమని వాళ్ల కొట్లాట. ఆఖరి రంగంలో ముసలి కూలీ బస్తా కింద కూలిపోవాలి. అది జనం నమ్మకపోతే నాటకం దండగ.

ఆ కూలీ కోసం నాలుగు నెలలుగా వెతుకులాట. నటుణ్ణని చెప్పుకున్న ప్రతివాణ్ణీ దర్శకుడు మొహమైనా చూడకుండా గుమ్మంలోంచే పంపేశాడు.

“పౌడరు మొహాలొద్దు నాకు. బస్తా మోసినవాడు కావాలి!”

“నేను మోస్తానండీ.”

గుమ్మంలో ఒక ముసలాయన. మాసిన బనీను, భుజాన తువ్వాలు.

తువ్వాలు చుట్టి మెడ వెనక పెట్టుకున్నాడు. మోకాళ్లు వంచాడు. ఊపిరి వదిలాడు. బస్తా వీపెక్కింది. పొట్టి పొట్టి అడుగులు. మెడ నరం తాడులా లేచింది.



బస్తాలో ఉన్నది ఊక. అది నింపి కుట్టినవాడే ఆ సంగతి మరిచిపోయాడు.

“ఎక్కడ పని తాతా?”

“రేవులో బాబూ.”

“నటన వచ్చా?”

“అయ్యో, నాకెక్కడొస్తుంది!”

“బతికించావు. వచ్చుంటే గెంటేసేవాణ్ణి.”

టీ తాగుతూ దర్శకుడు మనసు విప్పాడు. “నా జన్మలో ముగ్గురు నటులకే దణ్ణం పెట్టాను తాతా. సినిమాలో ఆ లంచగొండి జడ్జీకి, ఆ ఉరితీసే తలారికి. స్టేజీ మీద ఆ మంత్రసానికి. వాళ్ల పేర్లు పోస్టరు మీద ఏ వెధవా వెయ్యలేదు. హీరో మీసానికే చోటు చాలదాయె!”

“మంత్రసాని బాగుందా బాబూ?”

“బాగుండటమా! నాకు బొడ్డు కోసింది ఈవిడేనా అని మా అమ్మను అడిగాను.”

ముసలాయనకు టీ పొలమారింది.

మొదటి ఆట ధాన్యం గోదాము ముందు వేశారు. ముసలాయన మోకాళ్లు వణికి కూలబోతుంటే, ముందు వరుసలోని ఇద్దరు కూలీలు వేదిక మీదికి ఉరికారు. చెరోపక్కా బస్తా అందుకున్నారు. అది గాలిలా తేలిపోయేసరికి, బస్తాను చూడ్డం మాని ముసలాయన్నే చూస్తూ నిలబడిపోయారు.

అలా ముప్పై ఆటలు.

“రేవులో కూడా వేద్దాం తాతా.”

“వద్దు బాబూ. తెలిసినవాళ్ల ముందు సిగ్గు.”

ముప్పయ్యో ఆటకు యజమానులు దిగొచ్చారు. బస్తా యాభై కిలోలకు దిగింది.

ఆ మర్నాడు తాత రాలేదు. గుండె ఆగిపోయిందని కబురొచ్చింది.

తోటి కూలీలకు చెప్పాలని దర్శకుడు, తాత బస్తా కింద వంగి ఉన్న నాటకం ఫోటో పట్టుకుని రేవుకెళ్లాడు.

అప్పుడే బస్తా దించి వచ్చిన అక్కడి ముసలి మేస్త్రీ ఫోటో చూసి ఉలిక్కిపడ్డాడు. “ఇదేంటండీ, నేను ఎప్పుడు దిగాను ఈ ఫోటో?”

దర్శకుడు అతన్ని ఎగాదిగా చూశాడు. అదే తువ్వాలు చుట్ట. అదే అడుగు. మెడ మీద అదే నరం.

“మీరు కాదండీ. మీ దగ్గర పనిచేసిన తాత. పోయాడు.”

మేస్త్రీ ఫోటోను కళ్ల దగ్గరకు తెచ్చుకున్నాడు.

“అయ్యో, ఆయనా! పోయాడా? పనివాడు కాదండీ. నాలుగు నెలలు నా వెనకే తిరిగాడు. ఏ మోకాలు ముందు నొస్తుంది, ఎన్నో బస్తాకు కళ్లు తిరుగుతాయి అని ఒకటే నస.”

“ఎందుకట?”

“నేనూ అదే అడిగాను. ‘నటుణ్ణంటే గుమ్మంలోంచే గెంటేశారు, కాస్త మొయ్యడం నేర్పు మేస్త్రీ’ అన్నాడు. ఇన్నేళ్లూ ఏం చేశావయ్యా అంటే నవ్వాడు. ‘జడ్జీ వేశాను, తలారి వేశాను, చీర కట్టి మంత్రసానీ వేశాను. కూలీ వేషం మాత్రం ఎప్పుడూ హీరోకే ఇచ్చేసేవాళ్లు’ అన్నాడండీ.”