రోప్‌వేలో ముందెవరు?

"ముందు అమ్మవారినే ఎక్కించాలి పూజారిగారూ," అంటూ కొండ మీది కొత్త రోప్‌వే క్యాబిన్ తలుపు తీశాడు ఇంజనీరు. "కిందికెళ్లి క్షేమంగా తిరిగొస్తే, రేపట్నుంచి జనాన్ని ఎక్కిద్దాం."

పూజారి ఉత్సవ విగ్రహాన్ని గుండెకు హత్తుకున్నాడు. "మధ్యలో తాడు తెగితే?"

"భలేవారే! అమ్మవారికేమవుతుందండీ?"

"ఏమీ కాదు. మరి ఆవిడ క్షేమంగా వస్తే మనకు కొత్తగా తెలిసేదేముంది?"



కొడుకు కట్టిన రోప్‌వే చూద్దామని మెట్లెక్కి వచ్చిన ఇంజనీరు తల్లికి ఈ వాదన విసుగెత్తింది. "జరగరా, నేనెక్కుతా. నా కొడుకు కట్టిందేగా, భయమెందుకు?" అంటూ వెళ్లి క్యాబిన్లో చతికిలబడింది.

ఇంజనీరు గబుక్కున తల్లి చెయ్యి పట్టుకుని లాగాడు.

"అమ్మా, దిగు దిగు! బోల్టులు ఇంకోసారి చూసొస్తా."