కదిలిన భుజాలు

తెర మీద దర్శకుడి పేరు పడగానే హాలంతా నవ్వింది.

ఇంకా కథ మొదలే కాలేదు. పేరు చూసే నవ్వారు.

చివరి వరుసలో చీకట్లో కూర్చున్న దర్శకుడు కుర్చీలో ముడుచుకుపోయాడు. ఇన్నేళ్లూ జనాన్ని కడుపుబ్బ నవ్వించిన పాపానికి, ఇప్పుడు ఆయన పేరు కనబడితేనే నవ్వొస్తోంది. వాళ్లను తప్పుపట్టి ఏం లాభం, అలవాటు చేసిందే ఆయన.

కానీ ఇది నవ్వించే సినిమా కాదు. ఆస్పత్రిలో కన్నుమూసిన ఆయన చెల్లెలి కథ.

"బావా, కాసిని నీళ్లు తాగు," అన్నాడు పక్కనున్న బావమరిది.

"దువ్వెన సీను దాటనీ."

ఆ సీనులో అన్న చెల్లెలి తల దువ్వుతాడు. జుట్టంతా దువ్వెనతో వచ్చేస్తుంది. ఆ పిల్ల చూడకుండా దువ్వెనను జేబులో దాచేస్తాడు. నిజంగా జరిగిందీ అదే, దాచిందీ ఆయనే. అక్కడ గానీ హాలు నవ్విందంటే, పోయిన చెల్లెల్ని తనే తీసుకొచ్చి నవ్వులపాలు చేసినట్టు. షూటింగు మొదలైన నాటి నుంచీ ఆ భయంతో ఆయనకు కంటి మీద కునుకు లేదు.

తెర మీద ఆస్పత్రి గది కనబడింది.

అప్పుడే, రెండు వరుసల ముందు ఒక బట్టతలాయన భుజాలు కదిలాయి.

నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. భుజాలు ఇంకా ఎక్కువ కదిలాయి.

దర్శకుడి పైప్రాణాలు పైనే పోయాయి.

"అడుగో, నవ్వాపుకుంటున్నాడు!"

"మొహం కనబడట్లేదు కదా బావా?"

"మొహమెందుకు? ఇన్ని సినిమాలూ ఇలా వెనక కూర్చుని భుజాలే చూశాను. వాడొక్కడు పైకి నవ్వితే చాలు, హాలంతా అందుకుంటుంది. ముందు వాణ్ణి పంపించెయ్."

"టికెట్ కొనుక్కున్న మనిషిని ఏమని పంపిస్తాం?"

"ఏదో ఒకటి చెప్పు. నీకు దణ్ణం పెడతాను, పంపించు!"

బావమరిది గేట్‌కీపర్ని పిలిచి చూపించాడు.

"ఆయన్నా సార్?" గేట్‌కీపర్ నసిగాడు. "ఆయన..."

"చెప్పింది చెయ్యవయ్యా!" దర్శకుడు కసిరాడు.

బట్టతలాయన గొడవేమీ చెయ్యలేదు. జేబురుమాలుతో మొహం తుడుచుకుంటూ, తల వంచుకుని వెళ్లిపోయాడు.

హమ్మయ్య అనుకున్నాడు దర్శకుడు.

తెర మీద అన్న దువ్వెన అందుకున్నాడు. జుట్టు ఊడి వచ్చింది. దువ్వెన జేబులోకి వెళ్లింది.

హాల్లో చప్పుడు లేదు. ఏం చెయ్యాలో జనానికి పాలుపోలేదు. ఒకళ్ల మొహాలు ఒకళ్లు చూసుకున్నారు.

ఓ మూల ఎవరో కిసుక్కుమన్నారు.

ఇంకెవరో అందుకున్నారు. ఆ తర్వాత హాలంతా గొల్లున నవ్వింది.

దర్శకుడు రెండు చెవులూ మూసుకుని బయటికి వచ్చి మెట్ల మీద కూలబడ్డాడు.

గేట్‌కీపర్ మంచినీళ్లు తెచ్చాడు.

"ఆయన సంగతి ఇందాకే చెప్పబోయాను సార్. బయటికి తెచ్చాక చూశాను, ఆయన నవ్వలేదు, ఏడుస్తున్నాడు."

"మరి ఆ భుజాలు..."

"ఏడ్చినా కదుల్తాయి కదా సార్."

దర్శకుడు నీళ్ల గ్లాసు పక్కన పెట్టేశాడు.

"ఎవరాయన?"

"పేరు తెలీదు సార్. మీ సినిమా అంటే మొదటాటకి రావాల్సిందే. జోకు పడ్డాక, నవ్వాలో వద్దో తేల్చుకోలేక జనం ఊరుకుంటారు చూడండి, అప్పుడు ఆయనొక్కడే పగలబడి నవ్వుతాడు. ఇక హాలు ఆగదు."

"ఎటు వెళ్లాడు?"

"చూళ్లేదు సార్. మొహం కడుక్కొస్తాను, చప్పుడు కాకుండా కూర్చుంటాను, లోపలికి రానివ్వమని బతిమాలాడు. నేనే గేటు వేసేశాను."

దర్శకుడు వీధిలోకి పరిగెత్తాడు. ఎవరినని పిలవాలి? ఆ మొహం ఎలా ఉంటుందో కూడా తెలియదు.

ఇన్నేళ్లూ అందరికన్నా ముందు నవ్వి తనను నిలబెట్టిన మనిషి, ఇవాళ అందరికన్నా ముందు ఏడవడానికి వచ్చాడు.