రాకుమార్తెలు ఏడవరు

పెళ్లికూతురు మళ్లీ ఏడుస్తోంది. కందిరీగకు ఒళ్లు మండిపోయింది.

కందిరీగ అన్నది కోటలో పనివాళ్లు ఆమెకు చాటుగా పెట్టుకున్న పేరు. ఎదురుగా అనే ధైర్యం ఎవరికీ లేదు. మహారాజునూ మహారాణినీ తప్ప ఆమె ఎవర్నీ 'మీరు' అని ఎరగదు. ఎవరిని చూసినా చులకనే. సరిహద్దు అవతలి రాజుకిచ్చి పంపబోయే ఈ పెళ్లికూతురికి నడక, మాట, మర్యాద నేర్పే పని ఎవరూ అడక్కుండానే తన నెత్తిన వేసుకుంది. ఆ పిల్ల తడబడుతుంటే చూడటం ఆమెకు కాస్త సరదాగా కూడా ఉన్నట్టుంది.

"ముక్కు ఎవరైనా మోచేత్తో తుడుచుకుంటారా? రుమాలు ఎందుకిచ్చాను?"

పిల్ల రుమాలు తీసుకుంది. దానితోనూ మోటుగానే తుడుచుకుంది.

ఏడవడానికి కారణం లేకపోలేదు. అవతలి రాజుకు తాత వయసు. ఇదివరకటి భార్యలు ఎలా పోయారని ఎవరైనా అడిగితే ఆ దేశపు దూతలు ఎండల గురించీ వానల గురించీ మాట్లాడతారు. అలాగని పిల్లనివ్వకపోతే యుద్ధం తప్పదు. పోయినసారి కాలిన వీధులు ఇంకా పైకప్పులు లేకుండానే ఉన్నాయి. అందుకే కూతుర్నిస్తానని మహారాజు నిండుసభలో మాటిచ్చాడు. అయితే ఒక చిక్కుంది. ఏడుస్తూ వచ్చిన పెళ్లికూతుర్ని గడప తొక్కనివ్వని ఆచారం అవతలివాళ్లది. కంట తడి కనిపించిందా, బండిని అట్నుంచి అటే తిప్పేస్తారు. వెనకాలే సైన్యం వస్తుంది. ఊరంతటి ప్రాణాలూ ఇప్పుడు ఈ ఏడుపుగొట్టు మొహం మీద ఆధారపడి ఉన్నాయని కందిరీగ రోజూ ఆమెకు గుర్తుచేస్తూనే ఉంది.

సాగనంపేదాకా పెళ్లికూతుర్ని ఎవరూ చూడకూడదని మహారాణి ఆజ్ఞ. కోట బయట రాకుమారి మొహం ఎరిగినవాళ్లు ఎటూ లేరు. మేడగదిలో వీళ్లిద్దరే. కందిరీగ లోపలికి రాగానే పిల్ల దిగ్గున లేచి నిలబడేది. రాకుమారి ఎవరికోసమూ లేవకూడదని ఎన్నిసార్లు చెప్పినా ఆ కాళ్లు వినేవి కావు.

దర్జీని కూడా గుమ్మం దగ్గరే ఆపేశారు. కొలతలు తీసి కుట్టిన పెళ్లిబట్టలే, తీరా తొడిగితే నడుం దగ్గర వదులయ్యాయి. విసుక్కుంటూ కందిరీగే సూదీ దారం పట్టింది. రెండు కుట్లు వేసేలోపు వేలు పొడుచుకుంది. చివరికి పిల్లే మెల్లగా సూది అందుకుని, చకచకా కుట్టేసి, దారాన్ని పళ్లతో తెంపింది.

ఆ తెలివితేటలు అక్కడ చూపించొద్దనీ, రాకుమారి సూది పడితే నలుగురూ నవ్వుతారనీ కందిరీగ వేలు చీకుతూ మందలించింది.

తర్వాత చరిత్ర మొదలుపెట్టింది. పాత రాకుమార్తెల కథలన్నీ ఆమెకు కొట్టిన పిండి. పాలపళ్లయినా ఊడకముందే ఒకతెను కొండమీద కోటకు బదులుగా ఇచ్చారు. మొగుడి మొహం చూడకుండానే ఆమె విధవరాలైంది. ఇంకొకతెను గుర్రాల మందకు ఇచ్చారు. గుర్రాలు మాత్రం మంచివే వచ్చాయి. తూగే సంబంధం దొరక్క మఠంలో వేసి తలుపు మూసినవాళ్లకైతే లెక్కేలేదు. చదువు చెప్పించారా అంటే లేదు, నోరు తెరవనిచ్చారా అంటే అదీ లేదు. చెప్తున్నంతసేపూ కందిరీగ పెదవి వంకరగానే ఉంది.

"అందరూ పట్టుపరుపుల మీద దొర్లి పెరిగినవాళ్లే. ఊరు పండించింది కూర్చుని తిన్నవాళ్లే. తిన్న తిండికి రుణం తీర్చుకునేది ఆ ఒక్కసారే కదా. దానిక్కూడా ఏడుపెందుకు?"

పిల్ల, అమ్మను ఒక్కసారి చూసి వస్తానని అడిగింది. కందిరీగ కుదరదు పొమ్మంది. తల్లిని చూస్తే కళ్లు ఉబ్బుతాయి. ఉబ్బిన కళ్లను ఏ రంగూ దాచలేదు.

పిల్ల తలెత్తింది.

"మీరైతే వెళ్తారా అమ్మగారూ?"

"నేనైతే నవ్వుతూ బండెక్కుతాను."

పిల్ల ఆమె ముఖంలోకి చాలాసేపు చూసింది. ఆ చూపు కందిరీగకు నచ్చలేదు. ఉంగరం సర్దుకునే నెపంతో తల తిప్పేసుకుంది. మళ్లీ చూసేసరికి పిల్ల కళ్లు పొడిగా ఉన్నాయి.

మర్నాడు పొద్దున్నే ముంగిట్లో బాకాలు మోగాయి. పెళ్లికూతురు నేర్పినట్టే తల వంచకుండా మెట్లు దిగింది. మహారాజు ఆమె నెత్తిన చెయ్యి పెట్టి, నా బిడ్డ అని అందరికీ వినిపించేలా అన్నాడు. జనం కళ్లు తుడుచుకున్నారు. పెళ్లికూతురు మాత్రం తుడుచుకోలేదు. మహారాణి నిలబడ్డ వైపు ఆమె కన్నెత్తి చూడలేదు. వంటింటి వెనక, పనివాళ్లు గుంపుగా నిలబడ్డ చోటికి ఒక్కసారి చూసింది. నవ్వింది. దూతలు ఆ నవ్వును దగ్గరగా చూసి తృప్తిగా తలలూపారు. బండి కదిలింది. ఊరు బతికిపోయింది.

కందిరీగ సాగనంపడానికి కిందికి దిగలేదు. మేడగది కిటికీలోంచి, బండి మలుపు తిరిగేదాకా చూసింది.

"ఎట్టకేలకు నవ్వింది, పిరికిది" అంది పెదవి విరుస్తూ.

అప్పుడే పైకి వచ్చిన మహారాణి తలుపు గడియ పెట్టి, ఆమెను కిటికీ దగ్గర్నుంచి ఇవతలికి లాగి, "ఇలా రా తల్లీ, మహారాజు కూతురు పెళ్లయి వెళ్లిపోయిందని ఊరంతా కళ్లారా చూసింది, ఇక నువ్వు ఎవరి కంటా పడకూడదు" అంది.