చివరి ఇంటి వోల్టేజి

బల్బు ఎర్రబడింది.

మంచం పక్కన కొత్తగా తెచ్చిన ఆక్సిజన్ మిషను కుయ్‌మని అలారం మొదలెట్టింది. మంగాయమ్మ ముక్కు దగ్గర గొట్టం సర్దుకుని భర్త వైపు చూసింది. మాట్లాడటానికి ఊపిరి చాల్లేదు.

కొండలరావు చెప్పులైనా వేసుకోకుండా వీధిలోకి పరిగెత్తాడు. పోర్టులో క్రేను నడిపి రిటైరైన మనిషి. కోపం మాత్రం ఇంకా డ్యూటీలోనే ఉంది.

పరవాడ దగ్గర ఆ కాలనీలో వీళ్ళది లైనుకి ఆఖరి ఇల్లు. మేడెక్కితే కరెంటు తయారుచేసే పొగ గొట్టాలు కనిపిస్తాయి. ఆ కరెంటు ఇంట్లోకి రావడానికి మాత్రం బతిమాలించుకుంటుంది.

వీధి మధ్యలో వెల్డింగు షాపు. షట్టరు సగం దించి ఉంది. లోపల ఎవరూ లేరు.

ఎదురింటి గేటులోంచి కరీం బాషా బయటికొచ్చాడు. ఈమధ్యే వన్‌టౌను నుంచి వచ్చి షాపు పెట్టినవాడు.

"ఏటయ్యా, రవ్వలెగరేసీసి ఎల్లి దాక్కుంటన్నావేటి?"

"లేద్సార్. మిషనాపేసి సానా సేపయింది."

"మరి నా ఇంట్లో కరెంటెందుకు సచ్చిపోతంది? అక్కడ మా ఆడదానికి ఊపిరాడతల్లేదు."

"రెండు నిమిషాల్లో వచ్చేస్తది సార్. మీరు అమ్మ దగ్గరికెళ్ళండి."

అంటూనే కరీం పక్కింటి గేటు తోసుకుని లోపలికి పోయాడు.

కొండలరావు ఇల్లు చేరేసరికి బల్బు తెల్లగా వెలుగుతోంది. మిషను నోరు మూసుకుంది.

"సూసేవా," అన్నాడు భార్యతో. "నాను గట్టిగా అరిసేను. ఆడు ఆపీసేడు."

మర్నాడు లైన్‌మన్ సాయిశంకర్‌ని స్తంభం దగ్గర పట్టుకున్నాడు.

"ఆ టవర్ల మీద కరెంటు ఐదరాబాదు దాకా పోతందట. నా గుమ్మంలోకి రాడానికి దానికేటి రోగం బావా?"

"టవర్ల మీద లచ్చల వోల్టులెట్టి తోస్తారు బావా. వోల్టులెక్కువైతే తీగలో పారీ కరెంటు తక్కువ. దార్లో నష్టవూ తక్కువే. మీ ఈదిలోకి వొచ్చీసరికి రెండొందల ముప్పయ్యే. తీగ సన్నం, దారి దూరం. మధ్యలో ఎంతమంది లాగితే, సివరున్న నీకు అంత తగ్గిపోద్ది."

"లాగీవోడెవుడో నాకు తెల్సు."

"ఎవుడు?"

"ఎవుడేటి, రవ్వలెగరేసీవోడే."

"ఆడొక్కడే కాదు బావా..."

కొండలరావు అప్పటికే సగం దూరం వెళ్ళిపోయాడు.

షాపు గది యజమాని తగరపువలసలో ఉంటాడు. కొండలరావు ఫోన్లోనే పంచాయితీ తేల్చేశాడు. వాడుండాలా, నా పెళ్ళాం ఉండాలా, నువ్వే చెప్పు అన్నాడు.

ఆదివారం పొద్దున కరీం సామాను ఆటోలోకి ఎక్కించాడు. ఆటో కదిలే ముందు కొండలరావు దగ్గరికి వచ్చాడు.

"సార్, సాయంత్రం నీళ్ళొచ్చే టైముకి..."

"నీళ్ళూ లేవు, నిప్పులూ లేవు. ఎల్లవయ్యా."

ఆ సాయంత్రం కొండలరావు కాలు మీద కాలేసుకుని భార్య పక్కన కూర్చున్నాడు.

బల్బు ఎర్రబడింది.

ఇంకా ఎర్రబడింది.

స్టెబిలైజరు టకటకా కొట్టుకుని ఆగిపోయింది. మిషను ఒక్కసారి కూసి అదీ ఆగింది.

మంగాయమ్మ దుప్పటిని గుప్పిట్లో బిగించింది. పెదాలు నీలంగా మారుతున్నాయి.

కొండలరావు వీధిలోకొచ్చి షాపు వైపు చూశాడు. తాళం. అరవడానికి మనిషి లేడు.

పక్కింటి గేటు బాదాడు. సూర్యకళ బిందెతో బయటికొచ్చింది. ఆవిడ వెనక మోటారు కుళాయి నీళ్ళు లాగుతోంది. ఆ పక్కింట్లోనూ మోటారే. వీధి వీధంతా గుర్రుమంటోంది.

"మోటారాపమ్మా. మా మనిషి పోతంది."

సూర్యకళ బిందె కింద పడేసి లోపలికి పరిగెత్తింది. తన మోటారు ఆపి, అదే పరుగున మిగతా గేట్లూ బాదింది. ఒక్కొక్క చప్పుడే ఆగింది.

ఆఖరి ఇంట్లో మిషను మళ్ళీ కదిలింది.

మంగాయమ్మ కళ్ళు తెరిచేదాకా కొండలరావు మంచం దగ్గర నుంచి జరగలేదు. తర్వాత గుమ్మంలో నిలబడ్డ సూర్యకళ వైపు తిరిగాడు.

"ఇయేళ అందరూ ఒక్కసారే ఏసీసేరేటమ్మా?"

"వంతులు సెప్పీవోడు రాలేదు కద బాబూ," అంది ఆవిడ రొప్పుతూ. "మా మోటార్లన్నీ ఒక్కపాలి తిరిగితే మంగాయమ్మగారి మిషనాగిపోద్దనీసి, రోజూ నీళ్ళొచ్చీ టయానికి పని కట్టీసి గేటు గేటుకీ తిరిగీవోడు ఆ కరీం బాషా."