బొమ్మల్లేని సినిమా

సూసన్న తీసిన సినిమాలో హీరో లేడు, కథ లేదు, ఆఖరికి చెట్టూ పుట్టా కూడా లేవు.

పాత ఫిల్ము చుట్టను బ్లీచింగ్ నీళ్ళలో నానబెట్టి దాని మీది బొమ్మలన్నీ కడిగేసింది. సన్న కుంచెతో దాని నిండా రంగులు వేసింది. ప్రొజెక్టర్ తిరిగితే తెరంతా రంగులు పరుగెడతాయి, అంతే.

"ఇది సినిమానా, సిగ్నలా?" అని ఖరగ్‌పూర్ రైల్వే కాలనీ అంతా నవ్వింది.

సూసన్నది పట్టిన కుందేలుకు మూడే కాళ్ళనే రకం. ఒక్కరైనా చివరిదాకా చూసేవరకు వేస్తూనే ఉంటానంది. వేసినప్పుడల్లా సగంలోనే జనం లేచిపోయేవారు.

ఓ ఆదివారం చర్చి అయ్యాక రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో మళ్ళీ వేసింది.

ఎవరో ముసలాయన వచ్చి, పిల్లలు కూర్చునే ముందు బల్ల మీద, తెరకు బాగా దగ్గరగా కూర్చున్నాడు.

తెర ఎర్రబడగానే చెయ్యెత్తి, "రెడ్" అని అరిచాడు. పచ్చబడగానే "గ్రీన్" అన్నాడు.

సిగ్నల్ రంగు చూడగానే ఇంజన్లో డ్రైవరు, అసిస్టెంటు ఒకరికొకరు అలా పైకి చెప్పుకోవాలి. అది రైల్వే పద్ధతి. ఆ ఊళ్ళో తెలియనివాళ్ళు లేరు.

హాలంతా గొల్లుమంది. వెక్కిరించడానికి ఎవరో పంపిన మనిషే అనుకుని సూసన్నకు ఒళ్ళు మండింది. ప్రొజెక్టర్ ఆపేసింది.

"ఏటి తాతా, ఏలాకోలంగా ఉందా? లెగిసి బయటికెల్లు."

ఆయన లేచాడు. బల్లలు పట్టుకుంటూ నెమ్మదిగా వెళ్ళిపోయాడు.

సూసన్న అంతటితో వదల్లేదు. వాకబు చేసి, రెండ్రోజుల తర్వాత ఆ ఊళ్ళోనే ఝపటాపూర్ పేటలో ఆయన ఇంటికే వెళ్ళింది. పేరు నూకయ్యట. గుమ్మంలోనే కూతురు పోలమ్మ ఎదురైంది. మీ నాన్నను ఎవరు పంపారని నిలదీసింది సూసన్న.

"ఎవులూ పంపలేదమ్మా. బొమ్మలుండవని ఇని, తీసుకెల్లమని నన్నే అడిగినాడు. దింపేసి వచ్చినాను. ఇంటికొచ్చిన కాడినుంచి ఆ రంగుల కబుర్లే. ఆకరు సూడలేకపోనానని ఒకటే బాధ."

సూసన్న కోపం చప్పున దిగిపోయింది. ఇన్నాళ్ళూ తను ఎదురుచూసిన ఆ ఒక్కణ్ణి తన నోటితోనే గెంటేసింది. సిగ్గుతో చితికిపోయింది.

"ఆదివారం ఆయన ఒక్కడి కోసమే మళ్ళీ వేస్తాను. తీసుకురా అక్కా."

పోలమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుంది.

"సూపు మందగించి ఇంజన్ దిగిపోయిన డ్రైవరమ్మా మా అయ్య, నా మొకం పోల్చుకోలేకపోయినా రంగు కదిల్తే మాత్రం తెలిసేది, నిన్న పొద్దున్నుంచి అదీ తెలీడం లేదు."