నాన్న చెప్పిన డైలాగు

ఆ తేదీ ఆయనకి బాగా గుర్తు. మార్చి తొమ్మిది. ఆ మధ్యాహ్నం తండ్రీకూతుళ్లు తిన్నది గుడ్డు అట్టూ, అంచులు మాడిన బ్రెడ్డూ.

"మాడింది కదూ?" అన్నాడాయన.

"బాగా కాలిందనుకుంటే సరిపోతుంది నాన్నా. ఇంకోటి వెయ్యి."

భార్య పోయాక ఆయన వంటని ఇంకొకసారి అడిగి పెట్టించుకున్న మనిషి లేదు. ఆ మాత్రం దయకే ఆయన కళ్లు చెమర్చాయి.

ముందురోజు సాయంత్రం ఫోనైనా చెయ్యకుండా చిన్న సంచీతో దిగింది కూతురు. అల్లుడు ఊళ్లో లేడంది. పెళ్లై ఏడాది నిండలేదు. టీవీ సీరియళ్లకి మాటలు రాసే పిల్ల కదా, చోటు మారితే రాత సాగుతుందని వచ్చి ఉంటుందనుకున్నాడు.

"ఒక సీను తెగట్లేదు నాన్నా. కొత్త సీరియల్. హీరోయిన్‌ని మొగుడు కొట్టాడు. పుట్టింటికి వచ్చేసింది. వాళ్ల నాన్న ఏమంటాడు?"

"అమ్మ లేదా ఆ పిల్లకి?"

"లేదు. నాన్నొక్కడే."

"దొంగా! మన ఇల్లే సీరియల్లోకి ఎక్కించేశావన్నమాట. ఆయన కూడా బ్రెడ్డు మాడుస్తాడా?"

ఆమె నవ్వింది. "రోజూ సీరియళ్లు చూసేది నువ్వే కదా, చెప్పు. ఉండమంటాడా, పొమ్మంటాడా?"

'ఉండమంటాడు. వాడి గడప తొక్కద్దంటాడు' అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. అంతలో ఇంకో ఆలోచన అడ్డొచ్చింది.

"సీను వాళ్లకి నచ్చకపోతే?"

"నన్ను తీసేస్తారు. మళ్లీ పిలవరు."

ఆయన ఆ మాట మింగేశాడు. తన ఆవేశంతో కూతురి నోటికాడి ముద్ద తీసేయడమెందుకు? రోజూ చూసే సీరియళ్లన్నీ తలుచుకున్నాడు. వాటిలో అలిగొచ్చిన ఏ ఆడపిల్లా పుట్టింట్లో పట్టుమని పది రోజులుండదు.

"పొమ్మంటాడమ్మా. ఆ పిల్ల పుట్టింట్లో కూర్చుంటే కథ కూడా కూర్చుండిపోదూ?"

"మళ్లీ కొడితే?"

"ఓర్చుకుంటుంది. ఓర్చుకున్నదే హీరోయిన్. ఎదురు తిరిగిందో, కాటుక దట్టంగా పెట్టి దాన్ని విలన్‌ని చేసేస్తారు మీవాళ్లు."

"చూసే ఆడవాళ్లు తిట్టుకోరా?"

"తిట్టుకుంటూనే చూస్తారు."

ఆమె ప్లేటు పక్కకి జరిపింది. "సరే, నువ్వే ఆ నాన్నవనుకో. నా కళ్లలోకి చూసి చెప్పు."

కాలేజీలో నాటకాలాడి బహుమతులు కొట్టిన గొంతు ఆయనది. చేతులు తుడుచుకుని, లేచి నిలబడి, గొంతు సవరించుకున్నాడు.

"చూడు తల్లీ, కోపంలో కొట్టిన చెయ్యే రేపు కన్నీళ్లు తుడుస్తుంది. ఆడదానికి ఓర్పే నగ. ఈ ఇంట్లో నువ్విక చుట్టానివి. వచ్చావు, తిన్నావు. చీకటి పడకముందే నీ ఇంటికి నువ్వు వెళ్లు."

కూతురి కళ్లలో నీళ్లు గిర్రున తిరిగాయి.

"ఏడిపించేశానా!" ఆయన చిన్నపిల్లాడిలా మురిసిపోయాడు. "నన్ను పిలవాలే గానీ, ఈ టీవీ తండ్రులంతా ఏ మూలకి?"

"చాలా బాగా చెప్పావు నాన్నా."

ప్లేట్లు కడిగి బోర్లించింది. ఎండ చల్లబడేసరికి సంచీ సర్దుకుని వచ్చింది.

"అదేంటే! రెండ్రోజులుంటావనుకుంటేనూ?"

"సీను తేలిపోయిందిగా."

బస్టాండు దాకా సంచీ ఆయనే మోశాడు. బస్సు కిక్కిరిసి ఉన్నా ఎవరో కుర్రాడు లేచి ఆమెకి కిటికీ పక్కన చోటిచ్చాడు. అదే పదివేలనుకున్నాడు ఆయన. బస్సు మలుపు తిరిగేదాకా చెయ్యి ఊపుతూనే ఉన్నాడు. ఆమె వెనక్కి చూడలేదు. కథ ఆలోచిస్తోంది కాబోలు.

ఇంటికొచ్చి, రాత్రికి వీధి తలుపు చప్పుడు కాకుండా వేసి గడియ పెట్టాడు. మనసు ఊరుకోలేదు. కూతురి పెళ్లికొచ్చినప్పుడు నంబరిచ్చి వెళ్లిన సీరియల్ దర్శకుడికి ఫోన్ చేశాడు.

"మా అమ్మాయి రేపు కొత్త సీరియల్ సీను తెస్తోందండీ. అందులో తండ్రి మాటలు మాత్రం నావి సుమా! కాస్త చూసుకోండి."

అవతల దర్శకుడు తడబడ్డాడు.

"ఏ సీను మాస్టారూ? పెళ్లయ్యాక మీ అమ్మాయి మాకేమీ రాయలేదే!"